ధరకి తెలియని సంగతులు

ఒరేయ్,

నీ ఉత్తరం చేరింది. సగానికి పైగా నన్ను తిట్టడానికే వాడుకున్నావు, సంతోషం. తిట్లు తీసేస్తే మిగిలేది ఒక్కటే మాట: మార్కెట్‌ని దాని మానాన వదిలేస్తే అన్నీ అవే సర్దుకుంటాయి, ప్రభుత్వం వేలు పెట్టిన చోటల్లా గందరగోళమే. ఇందులో సగం నేనూ ఒప్పుకుంటాను. నువ్వు అనుకున్న దానికంటే గట్టిగానే ఒప్పుకుంటాను. మనకి పేచీ మిగతా సగంతోనే.

ముందు ఒప్పుకునే సగం సంగతి. మార్కెట్ గొప్పతనం ఏంటంటే అందరూ పోటీ అంటారు, లాభాపేక్ష అంటారు. నాకైతే అసలు మహత్తంతా ధరలోనే ఉందనిపిస్తుంది. 1945లో ఆర్థికవేత్త హయెక్ ఒక వ్యాసంలో తగరాన్ని ఉదాహరణగా తీసుకున్నాడు. ప్రపంచంలో ఎక్కడో తగరానికి కొత్త అవసరం పుట్టిందనుకో, లేదా ఎక్కడో ఒక గని మూతపడిందనుకో. ఈ రెండిట్లో ఏది జరిగిందో తగరం వాడేవాళ్లకి తెలియాల్సిన పనే లేదు. ధర పెరుగుతుంది. వాళ్లు పొదుపు మొదలుపెడతారు. వీలున్నవాళ్లు వేరే లోహానికి మారిపోతారు. అప్పుడు ఆ వేరే లోహం ధర కదులుతుంది, దాన్ని వాడేవాళ్లూ సర్దుకుంటారు. ఎవరూ ఎవరికీ ఆర్డరు వెయ్యలేదు, మీటింగు పెట్టలేదు. ఇదే పని ఒక ఆఫీసులో కూర్చుని చెయ్యమంటే ఎంతటి మేధావి వల్లా కాదు. వాడికి బుర్ర లేక కాదురా, ఆ సమాచారం ఆ ఆఫీసు దాకా ఎప్పటికీ రాదు గనక.

నీకిష్టమైన 1948 జర్మనీ సంగతే తీసుకుందాం. యుద్ధం ముగిసి మూడేళ్లయినా నాజీల కాలం నాటి ధరల నియంత్రణ అలాగే ఉంది. డబ్బుని ఎవరూ నమ్మడం లేదు, అమెరికన్ సిగరెట్లే కరెన్సీలా చేతులు మారుతున్నాయి. సరుకు తయారైనా బయటికి రాదు. సర్కారు చెప్పిన ధరకి అమ్మడమంటే ఊరికే ఇచ్చేసినట్టే కదా మరి. జూన్ 20, ఆదివారం నాడు అమెరికా, బ్రిటన్, ఫ్రాన్స్ చేతిలో ఉన్న పశ్చిమ మండలాల్లో కొత్త కరెన్సీ, మార్కు, వచ్చింది. దాంతోపాటే అక్కడ ఆర్థిక వ్యవహారాలు చూసే లుడ్విగ్ ఎర్హార్డ్ చాలా వస్తువుల మీద నియంత్రణ ఎత్తేశాడు. మర్నాటికల్లా ఖాళీగా ఉన్న షాపుల నిండా సరుకులు ప్రత్యక్షం! రాత్రికి రాత్రి తయారైనవా అవి? అన్నీ గోడౌన్లలో దాచినవే. 

నీలాంటివాళ్లు ఈ కథని ఇక్కడితో ఆపేస్తారు. మిగతాది నేను చెప్తాను. ఎర్హార్డ్ అన్నిటినీ వదిలెయ్యలేదు. ఇంటి అద్దెలు, ముఖ్యమైన తిండి సరుకులు, బొగ్గు లాంటివి నియంత్రణలోనే ఉంచాడు. వదిలేసిన వాటి ధరలు ఎంత ఎగిరాయంటే నవంబరు 12న లక్షల మంది కార్మికులు పని ఆపేశారు. అయినా ఆయన వెనక్కి తగ్గలేదు, కొన్నాళ్లకి ధరలు నిలకడకి వచ్చాయి. మార్కెట్ గెలిచిందనే నేనూ అంటాను. కాకపోతే దేన్ని వదలాలో, దేన్ని పట్టుకోవాలో ఎంచుకుని మరీ వదిలిన మనిషి ఆయన.

ఇక పేచీ సంగతి. ధర మోసుకొచ్చే సమాచారం గొప్పదే. అసలు ధరలోకే ఎక్కని సంగతుల మాటేంటి?

పెట్రోల్లో సీసం కలిపిన చరిత్ర నీకు పూర్తిగా తెలుసో లేదో గానీ, నాకు మాత్రం ఎప్పుడు గుర్తొచ్చినా ఒళ్లు మండుతుంది. 1921లో జనరల్ మోటార్స్‌లో పనిచేసే థామస్ మిడ్‌గ్లీ, ఇంజిన్ టకటక కొట్టుకోకుండా ఉండాలంటే పెట్రోల్లో కాస్త టెట్రాఇథైల్ లెడ్ అనే సీసపు ద్రవం కలిపితే చాలని కనిపెట్టాడు. ఆల్కహాల్ కలిపినా ఆ పని జరుగుతుందని వాళ్లకి తెలుసు. కానీ ఆల్కహాల్ ఎవరైనా కాచుకోవచ్చు, దాని మీద పేటెంట్ ఏముంటుంది? సీసం విషమన్న సంగతి రోమన్ల కాలం నుంచీ తెలిసిందే. అయినా 1923లో అమ్మకాలు మొదలయ్యాయి. 1924లో అమెరికాలో న్యూజెర్సీలోని ఒక రిఫైనరీలో ఆ ద్రవం తయారుచేసే కార్మికులు మతి చలించి, కేకలు పెడుతూ ఆసుపత్రి పాలయ్యారు. ఐదుగురు చనిపోయారు. గొడవ పెద్దదైతే మిడ్‌గ్లీ విలేకరులని పిలిచి, వాళ్ల ఎదుటే ఆ ద్రవాన్ని చేతులకి రాసుకుని, సీసా ముక్కు దగ్గర పెట్టుకుని ఒక నిమిషం పాటు పీల్చి చూపించాడు. అంతకు ముందు ఏడాదే సీసం ఒంటికెక్కి సెలవు పెట్టి విశ్రాంతి తీసుకున్న మనిషి!

ఇప్పుడు నీ లెక్క ప్రకారమే చూద్దాం. కొన్నవాడికి బండి సాఫీగా నడుస్తోంది. అమ్మినవాడికి లాభం. ఎవరూ ఎవరినీ బలవంతపెట్టలేదు. ఇద్దరికీ మంచి బేరం. రోడ్డు పక్కన ఆడుకుంటూ ఆ పొగ పీల్చిన పిల్లాడు మాత్రం ఈ బేరంలో ఎక్కడా లేడు. వాడి బుర్రకి జరిగిన నష్టం లీటరు ధరలో ఒక్క పైసా కూడా కనపడదు. బాధపడేవాళ్లు, బాధపెట్టేవాళ్లు కూర్చుని మాట్లాడుకుంటే ప్రభుత్వం లేకుండానే తేలిపోతుందని ఆర్థికవేత్త రొనాల్డ్ కోస్ పేరు చెప్పి వాదిస్తావని తెలుసు. అలా మాట్లాడుకోవడానికి ఖర్చేమీ కాకపోతేనే ఆ మాట నిలుస్తుందని 1960లో ఆయనే రాశాడు. కోట్ల మంది తల్లిదండ్రులు ఎన్ని ఆయిల్ కంపెనీలతో కూర్చుంటారు చెప్పు?

ఆ గుట్టు బయటపెట్టిన మనిషి క్లెయిర్ ప్యాటర్సన్ అనే శాస్త్రవేత్త. ఆయన వెతికింది కాలుష్యాన్ని కానే కాదు, రాళ్లలో సీసం కొలిచి భూమి వయసు లెక్క కట్టే పనిలో ఉన్నాడు. ఎంత కడిగినా, తుడిచినా ల్యాబ్‌లో ఎక్కడ చూసినా సీసమే. అది ఎక్కణ్ణుంచి వస్తోందో ఆరా తీస్తే పెట్రోల్ దగ్గర తేలింది. 1965లో ఆయన ఆ మాట బయటపెడితే పరిశ్రమ ఆయన మీద విరుచుకుపడింది. అమెరికాలో 1970ల్లో తగ్గించడం మొదలుపెట్టి, 1996కి గానీ రోడ్డు మీద తిరిగే బళ్లకి పూర్తిగా నిషేధించలేదు. ప్రపంచంలో ఆఖరున ఆపిన దేశం అల్జీరియా, 2021లో. దాదాపు వందేళ్లు! ఆ వందేళ్లూ మార్కెట్ ఎక్కడా చెడిపోలేదురా, చక్కగా పనిచేస్తూనే ఉంది. నా కడుపుమంటంతా అదే.

ఆగు, నీ చప్పట్లకీ చోటుంది. అమెరికా ప్రభుత్వం 1925లో వేసిన కమిటీ 1926లోనే, నిషేధించడానికి సరైన ఆధారాల్లేవని తేల్చేసింది. తర్వాత కొన్ని దశాబ్దాల పాటు ఈ విషయం మీద పరిశోధనలు ఎక్కువగా పరిశ్రమ డబ్బుతోనే సాగాయి. కాబట్టి ప్రభుత్వం అనగానే నేను దణ్ణం పెట్టేసే రకం కాదు.

ఇంకో ఉదాహరణ చెప్పనీ, ఇది ఇంకా చిత్రమైనది. ఇక్కడ ఎవరూ చెడ్డవాళ్లు కాదు. అకావొజెన్ అని ఒక చిన్న మందుల కంపెనీ. మామూలు మందులకి లొంగని బాక్టీరియా మీద పనిచేసే కొత్త యాంటీబయాటిక్ తయారుచేసింది. 2018 జూన్‌లో అమెరికాలో అనుమతి వచ్చింది. 2019 ఏప్రిల్‌కల్లా కంపెనీ దివాలా తీసింది. ఎందుకో తెలుసా? అలాంటి మందుని మంచి డాక్టరు ఎవరైనా తక్కువగానే రాస్తాడు. ఎడాపెడా వాడితే బాక్టీరియా దానికీ అలవాటు పడిపోతుంది కాబట్టి, మిగతావన్నీ విఫలమైన రోగి కోసం దాచి ఉంచాలి. అంటే మందు ఎంత విలువైనదైతే అమ్మకం అంత తక్కువ. అమ్మకాన్ని బట్టి డబ్బొచ్చే పద్ధతిలో ఇది బతికి బట్టకట్టేదెలా? ఇంగ్లండులో 2022లో మొదట రెండు యాంటీబయాటిక్‌లకి చందా పద్ధతి పెట్టారు. ఎన్ని డోసులు వాడారన్నదానితో సంబంధం లేకుండా ఒక్కో మందుకి ఏడాదికి ఇంతని కంపెనీకి కడతారు. ఇదీ మార్కెట్టే అనుకో, కాకపోతే ఎవరో కూర్చుని ఆలోచించి కట్టిన మార్కెట్.

ఆకలి దగ్గర ధర ఎలా పనిచేస్తుందో అమర్త్యసేన్ 1943 బెంగాల్ కరువు లెక్కలు తీసి చూపించాడు. అంతకు రెండేళ్ల ముందు, 1941లో ఉన్నదానికంటే ఆ ఏడాది తిండిగింజలు తక్కువేమీ లేవంటాడాయన. యుద్ధం ఖర్చుతో ధరలు ఎగబాకాయి, కూలి రేట్లు వాటిని అందుకోలేకపోయాయి. బియ్యం కొనగలిగినవాళ్ల వైపే వెళ్లింది. కొనలేనివాడు ఎంత ఆకలితో ఉన్నా వాడి గిరాకీ లెక్కలోకి రాదు. దీని గురించి ఇంతకంటే రాయబుద్ధి కావడం లేదు.

2008 ఆర్థిక సంక్షోభం సంగతి కూడా నువ్వే ఎత్తావు గనక ఒక్క ముక్క. ఇళ్ల లోన్లని కట్టగట్టి అమ్మిన అప్పుల పొట్లాలు ఎంత భద్రమో రేటింగ్ ఇచ్చేవాళ్లకి ఫీజు కట్టింది ఆ పొట్లాలు అమ్ముకునేవాళ్లే. తప్పంతా ప్రభుత్వం ఇళ్ల లోన్లని ఎగదొయ్యడమేనని నువ్వంటున్నావు. అందులో కొంత నిజముంది, అయినా ఆ రేటింగులు ప్రభుత్వం రాసినవి కావు కదరా.

మరి నాకేం కావాలంటావా? ఆమ్లవర్షాల మీద అమెరికా చేసిన పని నాకు చాలా నచ్చుతుంది. 1990లో చట్టం తెచ్చి, ఆ వర్షాలకి కారణమైన, కరెంటు ప్లాంట్లు వదిలే సల్ఫర్ డయాక్సైడ్‌కి మొత్తంగా ఒక పరిమితి పెట్టారు, 1980 నాటి స్థాయిలో దాదాపు సగం. ఆ పరిమితిలోపు ఎవరెంత వదలొచ్చో పర్మిట్లు పంచి, ఒకరికొకరు అమ్ముకోవచ్చన్నారు. ఎలా తగ్గించాలో మాత్రం ఎవరికీ చెప్పలేదు. కొందరు పొగ గొట్టాలకి ఆ వాయువుని పట్టేసే స్క్రబ్బర్లు బిగించారు. చాలామంది పశ్చిమాన దొరికే తక్కువ గంధకం ఉన్న బొగ్గుకి మారారు. రైల్వే చార్జీల మీద నియంత్రణ 1980లో సడలించడంతో ఆ బొగ్గు రవాణా చవకైంది మరి. ఖర్చు ముందు భయపడినదానికంటే చాలా తక్కువకే తేలిపోయింది. ఎంత అన్నది ప్రభుత్వం తేల్చింది, ఎలా అన్నది మార్కెట్ తేల్చుకుంది. 

అదే పని యూరప్ 2005లో కార్బన్ మీద మొదలుపెట్టినప్పుడు పర్మిట్లు మరీ ధారాళంగా పంచేసింది. 2007కల్లా వాటి ధర దాదాపు సున్నాకి పడిపోయింది. యంత్రం ఒకటే, బిగించడంలోనే తేడా. అందుకే నిన్నొకటి అడుగుతున్నాను. వచ్చే ఉత్తరంలో "మార్కెట్టా, ప్రభుత్వమా" అని మళ్లీ మొదలెట్టకు. ఏదో ఒక్క సరుకు తీసుకుని, దాని ధరలోకి ఏం ఎక్కుతోంది, ఏం ఎక్కడం లేదు, ఎక్కించాలంటే ఎవరి చేతిలో ఉంది అని రాయి. అప్పుడు నిజంగా పోట్లాడుకోవచ్చు.

కనీస వేతనం పెంచితే ఉద్యోగాలు పోవా అని అడిగావు. కార్డ్, క్రూగర్ అని ఇద్దరు ఆర్థికవేత్తలు 1994లో ఒక పేపరు రాశారు. న్యూజెర్సీలో గంటకి 4.25 డాలర్ల నుంచి 5.05 డాలర్లకి పెంచారు, పక్కనున్న పెన్సిల్వేనియాలో పెంచలేదు. రెండు చోట్లా ఫాస్ట్‌ఫుడ్ హోటళ్లని పోల్చి చూస్తే, పెంచిన చోట ఉద్యోగాలు తగ్గినట్టు కనపడలేదు. ఫోన్లు చేసి సేకరించిన లెక్కలు కాదు, జీతాల రికార్డులు చూడాలంటూ న్యూమార్క్, వాషర్ అనే ఇంకో ఇద్దరు ఆర్థికవేత్తలు దాని మీద పెద్ద యుద్ధమే చేశారు. ముందు ఈ రెండు వైపులవాళ్లూ రాసింది చదువు, నువ్వు ఒక వైపే చదివావని నా అనుమానం. తర్వాత మాట్లాడుకుందాం.

ఉంటా మరి,
నీ వాడు