బొమ్మల సినిమా అయితే పిల్లలదేనా?

సంపాదకులకు నమస్కారం.

యానిమేషన్ సినిమా అనగానే దాన్ని పిల్లల పేజీలో సర్దేయడం మన పత్రికలకు అలవాటు. మీరూ అదే చేస్తున్నారు.

రిచర్డ్ ఆడమ్స్ 1972లో రాసిన ‘వాటర్‌షిప్ డౌన్’ నవలను మార్టిన్ రోసెన్ 1978లో యానిమేషన్ చిత్రంగా తీశారు. ఇళ్ల స్థలాలు కాబోతున్న పొలం వదిలి పారిపోయే కుందేళ్ల కథ అది. దర్శకుడు గిల్లెర్మో డెల్ టోరోకు ఈ సినిమా అంటే ఎంతో గౌరవం. ఉండదా మరి! తన ‘పినోకియో’లో కొయ్యబొమ్మను ముస్సోలినీ కాలపు ఇటలీలో తిప్పి, మృత్యువుతో ముఖాముఖి మాట్లాడించిన మనిషి ఆయన.

మొన్న సెలవుల్లో మా ఎనిమిదేళ్ల మనవరాలితో కలిసి ఆ కుందేళ్ల సినిమా చూశాను. కుందేళ్ల కోసం ఓ మనిషి తిండి పడేసే చోట, బిగ్‌విగ్ అనే బలమైన కుందేలు మెడకు తీగ ఉచ్చు బిగుసుకుంటుంది. నోట్లోంచి నెత్తురు. ఉచ్చు కట్టిన గుంజను ఊడదీయడానికి మిగతావి నానా తంటాలు పడతాయి. పాప నా చెయ్యి గట్టిగా పట్టుకుంది గానీ కళ్లు మూసుకోలేదు. కాసేపాగి, ‘తాతయ్యా, తిండి పెట్టినవాడే ఉచ్చు కూడా పెట్టాడా?’ అంది. ఇన్నేళ్లు పాఠాలు చెప్పాను, ఇంత మంచి ప్రశ్న నన్నెవరూ అడగలేదు.

పిల్లలకు చావు చూపిస్తారా అని మా బంధువు ఒకాయన కోప్పడ్డారు. ‘గోవ్యాఘ్ర సంవాదం’ చెప్పినప్పుడు, పులికి మాటిచ్చి వచ్చిన ఆవు దూడకు ఆఖరిసారి పాలిచ్చి బుద్ధులు చెప్పే చోట మా తరగతిలో సగం మంది కళ్లు తుడుచుకునేవారు. ఆ పాఠం వద్దని ఏ తల్లీ తండ్రీ నా దగ్గరకు రాలేదు.

అయితే సినిమాలో ఏముందో పెద్దలకు ముందుగా తెలియాలి. బ్రిటన్ సెన్సార్ బోర్డు మొదట ఈ చిత్రానికి అందరూ చూడదగ్గ ‘యు’ ఇచ్చింది. 2016 ఈస్టర్ ఆదివారం టీవీలో వేస్తే తల్లిదండ్రులు మండిపడ్డారు. తర్వాత ‘పీజీ’గా, అంటే తల్లిదండ్రులు చూసుకుని చూపించాల్సిన చిత్రంగా మార్చారు. నాకది సబబే అనిపించింది.

మనకూ 2023 సినిమాటోగ్రాఫ్ సవరణ చట్టంతో, పెద్దల మార్గదర్శకత్వంలో పిల్లలు చూడదగ్గ ‘యుఎ’లో 7, 13, 16 ఏళ్ల అంచెలు వచ్చాయి. మీ ఆదివారం సినిమా పేజీలో నిడివి ఉంటుంది, పాటల సంఖ్య ఉంటుంది, ఈ అంకె మాత్రం కనబడదు. సమీక్ష పక్కనే దాన్ని వేయండి. చిత్రంలో నెత్తురుందో, చావుందో, భయపెట్టేదేముందో ఒక్క వాక్యంలో రాయండి. చూపించాలో వద్దో ఇంట్లో మేం తేల్చుకుంటాం.

— ఒక విశ్రాంత తెలుగు ఉపాధ్యాయుడు, తెనాలి