తొలి బంగారు పతకం ఎవరిది?

సంపాదకులకు నమస్కారం.

శీతాకాల ఒలింపిక్స్ వచ్చినప్పుడల్లా మన పత్రికలు పతకాల పట్టికతో సరిపెడతాయి. ఆ క్రీడల్లో మొట్టమొదటి బంగారు పతకం గెలిచిన అమెరికన్ చార్లెస్ జూట్రాను మాత్రం తలచుకోవు. 1924 జనవరి 26న, ఫ్రాన్స్‌లోని షామొనీలో, 500 మీటర్ల స్పీడ్ స్కేటింగ్‌ను న్యూయార్క్ రాష్ట్రంలోని లేక్ ప్లాసిడ్ అనే ఊరికి చెందిన ఈ యువకుడు 44 సెకన్లలో ముగించాడు. రెండో స్థానంలో నిలిచిన నార్వే ఆటగాడితో తేడా సెకనులో ఐదో వంతు! పైగా అమెరికాలో అందరూ ఒకేసారి బయలుదేరే పందేలకు అలవాటుపడినవాడు. అక్కడేమో ఇద్దరిద్దరుగా, గడియారంతో పోటీ. 1,500 మీటర్లలో ఎనిమిదో స్థానమే దక్కిందనుకోండి, అది వేరే సంగతి. 1932లో ఇదే పందెం గెలిచిన జాక్ షేదీ లేక్ ప్లాసిడే. వచ్చే క్రీడల వేళ ఆదివారం సంచికలో జూట్రాకు కనీసం అరపేజీ కేటాయించండి.

— ఒక పాఠకుడు, విజయవాడ