రన్‌వే దగ్గర కోడి వ్యర్థాలు: పురపాలక శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

మంత్రి గారికి నమస్కారం.

నేను హైదరాబాద్ అల్వాల్‌లో ఉంటాను. టీచర్‌గా చేసి రిటైరయ్యాను. పొద్దున్నే డాబా మీద మొక్కలకు నీళ్లు పోస్తుంటే హకీంపేట ఎయిర్‌ఫోర్స్ శిక్షణ కేంద్రం వైపు నుంచి హెలికాప్టర్ చప్పుడు వినిపిస్తుంది. నాకు అదెప్పుడూ విసుగనిపించలేదు. లోపల కూర్చుని నేర్చుకుంటున్నది ఇరవై రెండు, ఇరవై మూడేళ్ల పిల్లలే కదా.

ఇప్పుడు మాత్రం ఆ చప్పుడు వింటే టెన్షన్‌గా ఉంటోంది. కారణం గద్దలు.

మా కాలనీ చివర ఖాళీ ప్లాట్లున్నాయి. ఆదివారం రాత్రి ఎవరో కోడి పేగులు, ఈకలు మూటలు కట్టి అక్కడ పడేస్తారు. సోమవారం తెల్లవారేసరికి కుక్కలు వాటిని చింపేస్తాయి. ఎండ కాస్త ఎక్కగానే గద్దలు వస్తాయి. ఒకసారి లెక్కపెడితే నలభై దాటాయి. అవి నేల మీద కూర్చుంటే బాధ లేదు. వేడిగాలి పట్టుకుని గుండ్రంగా తిరుగుతూ పైకి లేస్తాయి, సరిగ్గా విమానాలు తిరిగే ఎత్తుకి. తొలకరిలో ఉసిళ్లు లేచిన రోజుల్లో ఇంకా ఎక్కువ. ఉసిళ్లను మనం ఆపలేం. మూటలను ఆపగలం.

గద్ద కిలో కూడా తూగదు. కానీ గంటకు రెండు వందల కిలోమీటర్ల పైన వేగంతో వెళ్లే విమానానికి అడ్డొస్తే అది బండరాయి తగిలినట్టే. అద్దం పగలొచ్చు, ఇంజన్‌లోకి పోవచ్చు. దశాబ్దాల పాటు మన పైలట్లు నేర్చుకున్న కిరణ్ జెట్‌కూ, దుండిగల్ ఎయిర్‌ఫోర్స్ అకాడమీలో తిరిగే పిలాటస్ శిక్షణ విమానానికీ ఉన్నది ఒకటే ఇంజన్. పైగా పక్షులు ఎక్కువగా తగిలేది విమానం లేచేటప్పుడు, దిగేటప్పుడు. ఆ ఎత్తులో ఇంజన్ ఆగిపోతే సర్దుకోవడానికి క్షణాలే ఉంటాయి.

2023 డిసెంబర్ 4న దుండిగల్ నుంచి లేచిన శిక్షణ విమానం తూప్రాన్ దగ్గర కూలి ఇద్దరు చనిపోయారు, నేర్పే ఆయనా నేర్చుకునే కుర్రాడూ. దానికి పక్షి కారణమని నేను అనడం లేదు. ఆ రోజు టీవీ ముందు కూర్చుని ఆ కుర్రాడి తల్లి గురించే ఆలోచించాను. ఇంకో తల్లికి అలాంటి వార్త మన చెత్త వల్ల వెళ్లకూడదు.

ఈ రన్‌వేలు సామాన్యమైనవి కావు సార్. దేశంలో తొలి మహిళా ఫైటర్ పైలట్లు ముగ్గురూ హకీంపేటలో కిరణ్ మీద నేర్చుకుని, 2016 జూన్‌లో దుండిగల్ పరేడ్‌లో అధికారులయ్యారు. బొల్లారంలోని రాష్ట్రపతి నిలయంలో విడిదికి వచ్చే రాష్ట్రపతి విమానం ఎక్కువగా దిగేదీ హకీంపేటలోనే.

చట్టం లేక కాదు. 1937 నాటి ఎయిర్‌క్రాఫ్ట్ రూల్స్‌లో 91వ నిబంధన ఉంది. విమానాశ్రయానికి పది కిలోమీటర్ల లోపు జంతువులను కోయడం, పక్షులు వాలేలా చెత్త, మాంసం వ్యర్థాలు వేయడం నిషేధమని అందులో స్పష్టంగా ఉంది. కానీ మా దగ్గర ఫిర్యాదు చేస్తే ఒకరోజు శుభ్రం చేస్తారు, మళ్లీ ఆదివారానికి మామూలే.

చికెన్ షాపు వాళ్లను తిట్టడం నా ఉద్దేశం కాదు. మా వీధి షాపతన్ని అడిగితే, "మేడం, రాత్రి పది తర్వాత దీన్ని ఎవరు తీసుకెళ్తారు? పొద్దుటిదాకా ఉంచితే వాసన" అన్నాడు. నిజమే, చెత్త బండి వచ్చేది పొద్దున. అతనికి వేరే దారి చూపించకుండా జరిమానా వేస్తే మూట ఇంకో ప్లాట్‌కి మారుతుంది, అంతే.

అందుకే అడుగుతున్నాను. హకీంపేట, దుండిగల్ చుట్టూ పది కిలోమీటర్ల మేర మాంసం షాపుల నుంచి వ్యర్థాలను రాత్రి షాపు మూసే వేళకే మూసి ఉన్న బండిలో తీసుకెళ్లే ఏర్పాటు చేయండి. ఆ తర్వాత కూడా బయట పడేస్తే లైసెన్సు ఆపండి. ఎక్కడ గద్దలు మూగుతున్నాయో ఎయిర్‌ఫోర్స్ వాళ్లతో నెలకోసారి కూర్చుని మాట్లాడమని మీ అధికారులకు చెప్పండి.

ముందు ఒక్క ఆదివారం రాత్రి మా వైపు బండి పంపండి. సోమవారం పొద్దున డాబా ఎక్కి ఎన్ని గద్దలున్నాయో నేనే లెక్కపెట్టి మీకు రాస్తాను.

ఇట్లు,
అల్వాల్ నుంచి ఒక రిటైర్డ్ టీచర్