ద్రాక్ష కన్నా ముందు కొండవాలును కాపాడుకున్నారు

సంపాదకులకు నమస్కారం.

అమెరికాలోని ఓరెగాన్ రాష్ట్రం, విలామెట్ లోయలో వైన్ ద్రాక్ష సాగు తొలినాళ్ల గురించి మీ పత్రిక ప్రచురించిన వ్యాసం చదివాను. చలి, వాన ఎక్కువైన ఆ చోట మేలిరకం ద్రాక్ష పండదని కాలిఫోర్నియా ఆచార్యులు చెప్పినా వినకుండా, 1965లో డేవిడ్ లెట్ అనే పాతికేళ్ల యువకుడు సుమారు 3,000 ద్రాక్ష కొమ్మలతో అక్కడికి వెళ్లడం, ఆయన 1975 పంటతో చేసిన పినో నువార్ (ఆ పేరు గల ద్రాక్ష రకంతో చేసే ఎర్ర వైన్) 1979లో పారిస్ పోటీలో పేరున్న ఫ్రెంచి వైన్ల సరసన నిలవడం నిజంగా గొప్ప విషయాలే. అయితే పాలమూరు రైతులు కూడా వైన్ ద్రాక్ష వైపు చూడాలన్న ముగింపుతో నేను ఏకీభవించలేను.

పినో నువార్ త్వరగా పండే రకం. చల్లని శరత్కాలంలో నిదానంగా పండితేనే దానిలో పులుపు, పరిమళం రెండూ నిలుస్తాయి. మే నెలలో నలభై డిగ్రీలు దాటే మన చెల్కల్లో ఆ గుణం ఎక్కడి నుంచి వస్తుంది? ఇక్కడ ద్రాక్ష తీగ చలికాలంలో నిద్రపోదు కనుకనే వేసవి మొదట్లో ఒకసారి, అక్టోబరులో మరోసారి కత్తిరించి, ఏడాదికి ఒక్క పంట తీస్తాము. హైదరాబాదుకు పేరు తెచ్చిన అనాబెషాహి తినే పండు. దాని సంగతి వేరు.

వ్యాసం రెండు వాక్యాల్లో దాటేసిన విషయమే నాకు ముఖ్యంగా తోచింది. నీరు నిలవని, మంచు దెబ్బ తక్కువగా తగిలే కొండవాలు భూములు ద్రాక్షకు అనువైనవి. కానీ ఇతర పంటలకు అంతగా పనికిరావన్న పేరుతో వాటిని ఇళ్ల స్థలాలకు వదిలేసే ప్రమాదం ఉండేది. 1973లో ఆ రాష్ట్రం భూవినియోగ చట్టం తెచ్చిన కాలంలో, వేళ్ల మీద లెక్కించదగిన ఆ కొద్దిమంది సాగుదారులు అధికారుల చుట్టూ తిరిగి, ఆ వాలు భూములను సాగుకే ఉంచేలా ఒప్పించారు. పారిస్ పోటీ అప్పటికి ఇంకా ఆరేళ్ల దూరంలో ఉంది.

మా బాలానగర్ పేరుతోనే పిలిచే సీతాఫలం రకాన్ని నేడు మహారాష్ట్ర రైతులు తోటలుగా పెంచుతున్నారు. ఇక్కడ మాత్రం హైవే పొడవునా గుట్టల కింది చెల్కల్లో వెంచర్ల హద్దురాళ్లు లేస్తున్నాయి. సీతాఫలం చెట్లున్న గుట్టలను, వాటి వాలు భూములను సర్వే చేసి, లేఅవుట్ అనుమతుల నుంచి మినహాయించే విషయమై మీ జిల్లా పేజీలో చర్చ మొదలుపెట్టవలసిందిగా కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పండ్లతోట రైతు,
బాలానగర్ మండలం, మహబూబ్‌నగర్ జిల్లా