కకుద్మి పక్కన ఐన్‌స్టీన్ బొమ్మ దేనికి?

సంపాదకుల వారికి నమస్కారం.

మొన్న ఆదివారం పిల్లల పేజీలో కకుద్మి రాజు కూతురు రేవతికీ బలరాముడికీ పెళ్ళైన కథ వేసి, చివర్లో ఐన్‌స్టీన్ కన్నా వేల ఏళ్ళ ముందే మనవాళ్ళకి రిలేటివిటీ (కాలం అందరికీ ఒకేలా నడవదనే సాపేక్ష సిద్ధాంతం) తెలుసని తేల్చేశారు. మీ ఒక్కరినే అనడం లేదు, వాట్సాప్‌లో ఎప్పుడూ తిరిగే మెసేజే ఇది. మా ఊళ్ళో ఒక బడి సైన్స్ ఎగ్జిబిషన్‌కి వెళ్తే చార్టు మీద ఎడమ పక్క కకుద్మి రాజు, కుడి పక్క ఐన్‌స్టీన్, మధ్యలో ఎర్ర స్కెచ్ పెన్నుతో లావుగా ఈక్వల్ గుర్తు. ఎలా సమానం బాబూ అని అక్కడ నిలబడ్డ పిల్లాణ్ణి అడిగితే "సార్ రాయమన్నారండీ" అన్నాడు. వాణ్ణేమంటాం?

కథకి వంక పెట్టడం లేదు. భాగవతం నవమ స్కంధంలో ఉంది. కూతురికి తగిన వరుడెవరో అడుగుదామని కకుద్మి బ్రహ్మలోకం వెళ్తాడు, అక్కడ గంధర్వుల పాట నడుస్తోంటే అయ్యేదాకా ఆగుతాడు, తీరా అడిగితే బ్రహ్మ నవ్వి, నువ్వనుకున్న వాళ్ళే కాదు వాళ్ళ మనవలు కూడా పోయారు, కింద 27 మహాయుగాలు గడిచాయి అంటాడు. లెక్క కట్టి చూడండి. మహాయుగం 43,20,000 ఏళ్ళు, 27 అయితే 11,66,40,000. వెయ్యి మహాయుగాలు బ్రహ్మకి ఒక పగలు కాబట్టి, ఆ పగటిని పన్నెండు గంటలనుకుంటే ఈ 27 సుమారు 19 నిమిషాలు, తీరిగ్గా ఆలాపన చేసి కీర్తన పాడేంత సేపు! కావాలని కుదిర్చారో, కుదిరిందో గానీ, కథలోని లోకం తన లెక్క తాను తప్పలేదు. నాకు నచ్చేది అదే.

కానీ అది రిలేటివిటీ కాదు. రిలేటివిటీలో కాలం నెమ్మదించాలంటే వేగమో గురుత్వాకర్షణో ఉండాలి, ఎంతకి ఎంత తేడా వస్తుందో సూత్రం ముందే చెప్తుంది, గడియారం పెట్టి నిజమో కాదో తేల్చుకోవచ్చు. 1971లో హఫేల్, కీటింగ్ అనే ఇద్దరు అతి కచ్చితమైన సీజియం అణు గడియారాలకి కూడా టికెట్లు కొని, మామూలు ప్రయాణికుల విమానాల్లో ప్రపంచం చుట్టొచ్చి, నానోసెకన్లలో (సెకనులో వందకోట్లో వంతు) ఆ తేడా చూపించారు. జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు భూమ్మీది గడియారాల కన్నా రోజుకి 38 మైక్రోసెకన్లు (సెకనులో పదిలక్షల వంతు) ముందుకు పోతాయి. అది సరిచేస్తున్నారు కాబట్టే మన ఫోన్లో మ్యాప్ దారి చూపిస్తోంది, లేకపోతే రోజుకి పది కిలోమీటర్ల దాకా తప్పు పేరుకునేది. కకుద్మి కథలో ఇవేవీ లేవు, ఒక్కో లోకానికి ఒక్కో కాలం, అంతే.

కాలం గురించి మన కథే చెప్పాలని ఉంటే యోగవాసిష్ఠంలోని గాధి కథ వెయ్యండి. గాధి కోసల దేశపు పండితుడు. స్నానానికి నీళ్ళలో మునిగి లేచేలోపు చచ్చిపోయి, చండాలవాడలో పుట్టి, పెళ్ళాం పిల్లల్ని పోగొట్టుకుని, కీర దేశంలో పట్టపుటేనుగు ఎత్తుకుని రాజుని చేస్తే ఎనిమిదేళ్ళు ఏలి, కులం బయటపడి జనం మంటల్లో దూకితే తనూ దూకి, కళ్ళు తెరిస్తే మళ్ళీ అవే నీళ్ళు, అదే స్నానం. భ్రమ అనుకుని ఊరుకుంటాడు. కొన్నాళ్ళకి ఇంటికొచ్చిన అతిథి, కీర దేశంలో ఇలా ఒకడు ఎనిమిదేళ్ళు ఏలాడట అని మాటల్లో చెప్తాడు! రాజు కులం తెలిసి జనం మంటల్లో దూకారన్న చోట నాకు ఒళ్ళు మండుతుంది, అదీ క్లాసులో మాట్లాడాల్సిన సంగతే. గాధి మాత్రం విన్నది విన్నట్టు నమ్మలేదు. స్వయంగా బయల్దేరి తను పుట్టిన ఇల్లు వెతుక్కుని, ఊళ్ళోవాళ్ళని ఒక్కొక్కర్నీ అడిగాడు. మునకలో గడిచిన జీవితం వీళ్ళకెలా గుర్తుందని తల పట్టుకున్నాడు. సాక్షాత్తూ విష్ణువు వచ్చి అదంతా మాయ అని చెప్పినా సమాధానపడక, మళ్ళీ వెళ్ళి చూసొచ్చాడు.

శాస్త్రీయ దృక్పథం పెంచుకోవడం పౌరుడి విధి అని 1976లో రాజ్యాంగంలో 51ఎ అధికరణం కింద రాసుకున్నాం. దేవుడి జవాబునే సరిచూసుకోబోయిన గాధి ఉండగా, పిల్లల చేత ఈక్వల్ గుర్తులు గీయించడం దేనికండీ?

వచ్చే ఆదివారం అదే పేజీలో చిన్న సవరణ వెయ్యండి, నాలుగు లైన్లు చాలు. గాధి కథకి చోటిస్తే బొమ్మలతో సహా వెయ్యండి, ఏనుగు బొమ్మ మాత్రం మరిచిపోవద్దు.

ఇట్లు,
ఒక రిటైర్డ్ ఫిజిక్స్ లెక్చరర్, తెనాలి