మాయాచక్రం ఏ గంటను కోయాలి?

సంపాదకుల వారికి నమస్కారం.

గత ఆదివారం మీ పిల్లల పేజీలో అచ్చయిన నేత ముసలమ్మ కథ చదివాను. ఆమెకు ఒక కొయ్యచక్రం దొరకడం, దాన్ని కుడివైపు తిప్పితే కాలం పరుగెత్తడం, ఎడమవైపు తిప్పితే వెనక్కి నడవడం, పొద్దున రంగులో ముంచిన నూలు అప్పటికప్పుడే ఆరి, తనంతట తానే మగ్గమెక్కి, దీపాలు పెట్టే వేళకు చిటికి చీరగా (పోగులకు ముందే కట్లు కట్టి రంగులద్ది నేసే పోచంపల్లి ఇక్కత్ చీరగా) మారిపోవడం పిల్లలకు తప్పకుండా నచ్చుతాయి. మాయ ఉన్నందుకు నాకు అభ్యంతరం లేదు. మాయ లేని కథను రెండోసారి చెప్పమని ఏ పిల్లా అడగదు. అయితే చేనేత ఇంట పుట్టినదాన్ని కనుక, ఆ చక్రం చేత రచయిత ఏ గంటలను కోయించారో చూసి కొంత బాధ కలిగింది.

పనిముట్టుతో కాలం జోలికి వెళ్లిన పనివాడి కథ మనకు కొత్త కాదు. విష్ణుపురాణం తృతీయాంశంలో సూర్యుడి భార్య సంజ్ఞ, అంటే విశ్వకర్మ కూతురు, భర్త వేడిమికి తాళలేక తన స్థానంలో ఛాయను ఉంచి, ఆడగుర్రం రూపంలో అడవికి తపస్సుకు వెళ్లిపోతుంది. సంగతి తెలిసి సూర్యుడు ఆమెను ఇంటికి తెచ్చుకున్నాక, విశ్వకర్మ అతణ్ణి తరిమెన (వస్తువును తిప్పుతూ చెక్కే సాధనం) మీదికెక్కించి తేజస్సును తరుగుతాడు. (అల్లుణ్ణి తరిమెన పట్టే అవకాశం మామగార్లందరికీ రాదు.) తరిగినది ఎనిమిదో వంతు మాత్రమే, అంతకు మించి తీయడం దేవశిల్పికి కూడా సాధ్యం కాలేదని పురాణం చెబుతుంది. రాలిన తేజస్సు కూడా వృథా పోలేదు; విష్ణువు చక్రం, శివుడి త్రిశూలం, కుమారస్వామి శక్తి ఆయుధం దానితోనే తయారయ్యాయి. పగలూ రాత్రీ, నెలలూ ఋతువులూ ఎవరి నడక వల్ల ఏర్పడుతున్నాయో అతణ్ణే పట్టి చెక్కిన కథ ఇది. అందులోని పిల్లలూ కాలంతో ముడిపడినవాళ్లే: ఒక కొడుకు మనం పూజ సంకల్పంలో పేరు తలచే వైవస్వత మనువు, ఇంకొకడు యముడు, ఛాయకు పుట్టినవాడు శని. ఇంతటి పనిముట్టు చేతిలో ఉన్నా విశ్వకర్మ సూర్యుణ్ణి ఆపలేదు, పరుగెత్తించలేదు. కూతురు భరించలేని వేడిని తీసి, పగటిని పగటిలాగే మిగిల్చాడు.

ఈ కాలంలో అటువంటి పని మా జిల్లాలోని ఆలేరులో జరిగింది. చిటికి చీరకు పేక నూలును (అడ్డం పోగులను) ముందుగా ఆసు పోయాలి. ఒకవైపు ఉన్న మేకు నుంచి, ఎదురుగా అర్ధచంద్రాకారంలో బిగించిన మేకుల మీదికి, పోగు తర్వాత పోగు, చేతిని దాదాపు మీటరు దూరం చాచి తీసుకువెళ్లి మళ్లీ వెనక్కి తేవాలి. ఒక్క చీరకు దాదాపు 9,000 సార్లు, రోజుకు రెండు చీరలైతే 18,000 సార్లు చెయ్యి అలా ఆడవలసిందే. ఒక్కో చీరకు నాలుగైదు గంటలు పట్టే ఈ పని ఎక్కువగా ఇంటి ఆడవాళ్లదే. మధ్యలో ఒక్క పోగు లెక్క తప్పినా నమూనా చెడుతుంది, సాయంత్రానికి భుజం లేవదు. తల్లి లక్ష్మి పడుతున్న ఆ బాధను చూడలేక చింతకింది మల్లేశం 1992లో ప్రయత్నం మొదలుపెట్టి, 1999 నాటికి ఆసు యంత్రాన్ని పని చేయించి, దానికి తల్లి పేరే పెట్టారు. చీర ఆసు గంటన్నరకు దిగింది. 2017లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది.

ఆ యంత్రం ఏం వదిలిపెట్టిందో కూడా చూడాలి. నమూనా గీసుకోవడం, పోగులకు కట్లు కట్టడం, రంగు వెంట రంగు అద్దుతూ కట్లు విప్పడం, నేసేటప్పుడు పూవు అంచు పక్క పోగుతో కలవకపోతే పేకను వేలి కొసతో రవ్వంత జరపడం, ఇవన్నీ చేతుల్లోనే ఉన్నాయి. ఆసు పోసే గంటలు శరీరాన్ని తినేవి. ఈ గంటల్లో మాత్రం నేతగాడు తన ఇష్టానుసారం ఏదో ఒకటి నిర్ణయించుకుంటూ ఉంటాడు. మీ కథలోని చక్రం సరిగ్గా ఈ గంటలనే మింగింది.

పైగా అటువంటి చక్రం బజారులో ఇప్పటికే తిరుగుతోంది. చిటికి నమూనాను మిల్లు గుడ్డ మీద అచ్చొత్తి అమ్ముతున్నారు. కొన్ని రకాల వస్త్రాలను చేనేతకే కేటాయిస్తూ 1985లో పార్లమెంటు చట్టం చేసినా ఆ అచ్చుల జోరు తగ్గలేదు. చీరను తిరగేసి చూస్తే తేడా తెలుస్తుంది: అచ్చు గుడ్డ వెనకవైపు సాధారణంగా వెలిసినట్టుంటుంది, చిటికి చీర రెండు వైపులా ఒకేలా ఉండి, పూల అంచులు కాస్త చెదిరినట్టు కనిపిస్తాయి. చీర ఒక్క పగటిలో తనంతట తానే తయారవుతుందని కథలో చదివిన పిల్లలు, రేపు పెద్దయ్యాక చీర లెక్కన కూలి తీసుకునే మనిషితో బేరమాడకుండా ఉంటారా?

తరువాయి వచ్చే ఆదివారమని వేశారు కనుక, రచయితకు ఒక మనవి. నూలు చిటికెలో ఆరడం గురించి నాకు పేచీ లేదు. ముసురు పట్టి, గుంటమగ్గంలో నీళ్లూరి, వారాల తరబడి పనీ కూలీ లేక కూర్చునే రోజులను ఆ చక్రం ఎంత వేగంగా దాటించినా ముసలమ్మ సంతోషిస్తుంది. ఆసు దగ్గరా తిప్పించండి. ఎడమవైపు తిప్పే వీలు కూడా ఉంది కదా, చత్వారం రాకముందటి చూపును ఒక పూట తెప్పించి, నల్ల పోగుల మీద కట్లు కట్టుకోనివ్వండి. నేత మాత్రం ఆమెనే నేయనివ్వండి. చిత్రకారులకు కూడా ఒక మాట చెప్పగలరు: మొదటి భాగానికి వేసిన బొమ్మలో మగ్గానికి పడుగే (నిలువు పోగులే) లేదు.

భవదీయురాలు,
ఒక పాఠకురాలు,
యాదాద్రి భువనగిరి జిల్లా