శిక్ష పడింది, నష్టం అలాగే ఉంది

బడిలో తప్పు చేసిన పిల్లలను సస్పెండ్ చేసి చేతులు దులుపుకోవడం వల్ల నష్టపోయిన పిల్లలకు ఒరిగేదేమీ లేదు. ఉపాధ్యాయుడిగా ఇది కళ్లారా చూశాను. ఎనిమిదో తరగతి కుర్రాడొకడు తోటి విద్యార్థి కళ్లద్దాలు విరగ్గొడితే వారం రోజులు ఇంటికి పంపారు. వాడికి అది సెలవే. రెండోవాడు మాత్రం బోర్డు కనిపించక పక్కవాడి పుస్తకంలో చూసి రాసుకున్నాడు. చివరికి ఇద్దరినీ తల్లిదండ్రులతో సహా ఎదురెదురుగా కూర్చోబెట్టాం. ‘‘పరీక్షలో ప్రశ్నలే సరిగా చదవలేకపోయాను’’ అని రెండోవాడు అన్న మాట వినగానే, అంతవరకు చొక్కా గుండీ తిప్పుతున్న మొదటివాడి చెయ్యి ఆగిపోయింది. కొత్త కళ్లద్దాలు వాడి కుటుంబమే కొనిచ్చింది, పోయిన పాఠాలు వాడే రాసిపెట్టాడు. దీన్ని మెతకదనం అనేవారు ఒకసారి ఆ కుర్చీలో కూర్చుని చూడాలి. కెనడాలోని ఎల్మైరాలో 1974లో 22 చోట్ల ఆస్తులు పాడుచేసిన ఇద్దరు యువకులను బాధితుల దగ్గరికే పంపి, పరిహారం కట్టించారు. న్యూజిలాండ్ 1989లో బాలనేరస్థుల కేసుల్లో బాధితులూ పాల్గొనగల కుటుంబ సమావేశాలకు చట్టంలోనే చోటిచ్చింది. మన బడుల్లోనూ సస్పెన్షన్‌కు ముందు ఇలాంటి సమావేశాన్ని నిబంధనగా చేర్చాలి. అయితే బాధితులు ఇష్టపడితేనే జరపాలి. బలవంతపు క్షమాపణ వారికి రెండో దెబ్బ. నడిపే ఉపాధ్యాయుడికి శిక్షణ ఉండాలి. కుదిరిన ఒప్పందాన్ని కాగితం మీద పెట్టి, నెల తర్వాత అది ఎంతవరకు అమలైందో బాధితుడినే అడగాలి.

– ఒక ఉపాధ్యాయుడు